పాలపిట్ట, దూలగొండి, దుర్గ

దసరా సాయంత్రం పాలపిట్ట కనిపించాలి. మా అశ్వారావుపేటలోనే కాదు, తెలంగాణ అంతటా ఉన్న నమ్మకమే ఇది. జమ్మికి వెళ్ళేటప్పుడు కనిపించినా సరే, వచ్చేటప్పుడు కనిపించినా సరే. రాష్ట్ర పక్షి అయ్యాక దాని హోదా పెరిగింది గానీ, మా వైపు కనిపించడం మాత్రం బాగా తగ్గిపోయింది. నా చిన్నప్పుడు కరెంటు తీగల మీద ఎక్కడ పడితే అక్కడ కూర్చునేది. లేచి ఎగిరినప్పుడే అసలు రంగు బయటపడేది.

పోయిన దసరాకి మా పాపను తీసుకుని నేనూ బయల్దేరాను. పాపకి ఆరేళ్ళు. పుట్టింది, పెరుగుతున్నది హైదరాబాద్‌లో, పదకొండో అంతస్తులో. నాన్న తోటలోంచి అడ్డదారిన వాగు వైపు వెళ్ళాం. తోటంటే ఆయిల్‌పామ్. గంటసేపు తిరిగినా పిట్ట లేదు. పాప విసుగు దాచుకోకుండా, "నాన్నా, అన్ని చెట్లూ ఒకేలా ఉన్నాయి, ఇందాకటి చోటుకే మళ్ళీ వచ్చాం కదా?" అంది. రాలేదు. కానీ దాని అనుమానంలో తప్పేం లేదు. ఆయిల్‌పామ్‌ని 9 మీటర్ల ఎడంతో త్రికోణం పద్ధతిలో వేస్తారు, హెక్టారుకి 143 మొక్కలు. తోట మధ్యలో ఏ చెట్టు మొదట్లో నిలబడ్డా చుట్టూ సరిగ్గా అంతే దూరంలో ఆరు చెట్లు ఉంటాయి. మనం ఎటు నడిచినా ఆ బొమ్మ మారదు. కాలేజీలో ఇలాంటి అమరికల మీద లెక్కలు చేశాను గానీ, అందులో ఒక పిల్ల దారి తప్పుతుందని అప్పుడు తట్టలేదు.

ఆ రాత్రి పాప పడుకున్నాక, ఎప్పుడో సగంలో ఆపేసిన 'పథేర్ పాంచాలీ' మళ్ళీ తీశాను. బిభూతిభూషణ్ బందోపాధ్యాయ నవల, మద్దిపట్ల సూరి తెలుగు అనువాదం. బెంగాలీలో 'బిచిత్ర' పత్రికలో సీరియల్‌గా వచ్చి 1929లో పుస్తకమైంది. దీని మీద రాయాలని చాన్నాళ్ళుగా అనుకుంటూ వాయిదా వేస్తున్నాను. నేను సాహిత్యం చదువుకున్నవాణ్ణి కాదు. పైగా ఈ నవల గురించి ఎవరు మాట్లాడినా రెండు నిమిషాల్లో సత్యజిత్ రాయ్ సినిమాలోకి వెళ్ళిపోతారు, అక్కణ్ణుంచి రవిశంకర్ సితార్‌లోకి. పుస్తకం ఒంటరిగా మిగిలిపోతుంది. కానీ ఆ రాత్రి నాకు కావలసిన ఘట్టం సినిమాలో లేదు, పుస్తకంలోనే ఉంది.

నిశ్చిందిపురంలో సరస్వతీ పూజ నాటి సాయంత్రం ఊరి బయట మైదానానికి వెళ్ళి నీలకంఠ పక్షిని చూసే ఆచారం ఉంది. నీలకంఠమంటే మన పాలపిట్టే. వాళ్ళకది మాఘంలో, మనకు ఆశ్వయుజంలో. హరిహరుడు కొడుకు అపుని మొదటిసారి ఊరు దాటించి అక్కడికి తీసుకెళ్తాడు. అప్పటిదాకా ఆ పిల్లాడి ప్రపంచమంతా ఇల్లు, పెరడు, వెదురు పొదలు, అంతే. దారిలో పొదల్లోంచి పెద్ద పెద్ద చెవులున్నదేదో దూసుకుపోతుంది. అదేంటని అడిగితే కుందేలంటాడు తండ్రి. అపు నమ్మలేకపోతాడు. అక్షరాలు నేర్చుకునే పుస్తకంలో బొమ్మగా చూసింది ప్రాణంతో ఉంటుందని, నేల మీద అలా పరిగెత్తుతుందని వాడికి తెలీదు. ఇంకాస్త ముందుకెళ్ళాక పొదకి వేలాడుతున్న కాయలేవో ముద్దుగా కనిపించి చెయ్యి చాస్తాడు. తండ్రి గబుక్కున ఆపుతాడు. అవి దూలగొండి కాయలు.

ఇక్కడ కాసేపు పుస్తకం మూసేశాను. దూలగొండి తగిలితే ఎలా ఉంటుందో నాకు తెలుసు. ఏడో తరగతిలో సంక్రాంతి సెలవులు. ఆ కాయల మీది బంగారు రంగు నూగుని ఒకడు కాగితంలో పట్టుకొచ్చి నా చొక్కా లోపల వేశాడు. గోక్కుంటున్న కొద్దీ ఎక్కువైంది. నానమ్మ ఒంటి నిండా పేడ పూసి ఎండలో కూర్చోబెట్టి, తిట్టాల్సినవన్నీ తిట్టింది. అడవి గురించి నేను నేర్చుకున్న మొదటి పాఠం బహుశా అదే. ఆ కాయని మాత్రం ఇప్పుడు కూడా దూరం నుంచే గుర్తుపడతాను.

బిభూతిభూషణ్ ఆ ఘట్టాన్ని నడిపిన పద్ధతి చూడండి. బయల్దేరింది నీలకంఠాన్ని చూడ్డానికి. కథ ఆ పిట్ట దగ్గర పెద్దగా ఆగదు. ఆగిందల్లా అనుకోకుండా ఎదురైన కుందేలు దగ్గర, ముట్టుకోబోయిన దూలగొండి దగ్గర. ఒకటి పుస్తకాన్ని నిజం చేసింది. రెండోది చెయ్యి వెనక్కి లాగించింది. మోజు, జాగ్రత్త ఒకే నడకలో, ఒకదాని వెనకొకటి వచ్చాయి. తండ్రి ఏదీ వివరంగా చెప్పడు. కొడుకు అడిగిన ప్రతిదానికీ ఆగి జవాబివ్వాలంటే ఆయనకు కాస్త చిరాకు కూడా. నాకు బాగా తెలిసిన చిరాకే అది, ఒక కన్ను ఫోన్ మీద ఉన్నప్పుడు వచ్చేది.

ఇంకో సంగతి ఈసారి చదివినప్పుడే పట్టుకున్నాను. ఆ మైదానం అడవి కాదు. ఒకప్పుడు నీలిమందు దొరల కోఠీ ఉన్న చోటు. ఇప్పుడది పాడుబడింది. గోడలు కూలి తుప్పలు లేచాయి. అక్కడే ఒక తెల్లదొర పసిబిడ్డ సమాధి ఉంటుంది, పట్టించుకునే మనిషి లేక దాని మీద చెట్టు పూలు రాలుస్తుంటుంది. ఎకరాల కొద్దీ ఒకే పంట వేయించి, రైతుల మెడలు వంచి సంపాదించిన సామ్రాజ్యం అది. ఆ వరసలు చెదిరిపోయిన చోటే అపు జీవితంలో మొదటి కుందేలు పరిగెత్తింది. నిశ్చిందిపురం మిగతా భాగం కూడా ఇంతే. మనుషులు చచ్చిపోయో, వలసపోయో ఖాళీ చేసిన ఇళ్ళ స్థలాలను పొదలు ఆక్రమించుకున్న ఊరది. ఈ నవలను పచ్చని పల్లెకు కట్టిన పట్టం అనేవాళ్ళు దీన్ని చూడరెందుకో. బిభూతిభూషణ్ చూపించే పచ్చదనంలో సగం శిథిలాల మీద మొలిచిందే.

నవలలో హరిహరుడు కొడుకుని ఇలా బయటికి తీసుకెళ్ళింది అరుదుగానే. మిగతా అన్ని రోజులూ తీసుకెళ్ళింది దుర్గ.

దుర్గ అపుకి అక్క. ఇంటి పట్టున ఉండదు. ఏ చెట్టు కింద ఏం రాలుతుందో, ఎవరి తోటలో ఏది పండిందో దానికి తెలుసు. రెండో భాగం మొదట్లో ఒక సన్నివేశం ఉంటుంది. అపు బొమ్మలతో ఆడుకుంటుంటే దుర్గ పెరట్లోంచి గుసగుసగా పిలుస్తుంది. దాని చేతిలో కొబ్బరి చిప్ప, అందులో పచ్చి మామిడి పిందెల ముక్కలు. అమ్మ ఇంట్లో లేదు, వచ్చేలోపు నూనె, ఉప్పు పట్టుకురమ్మంటుంది. వాడు తెస్తాడు. ఇద్దరూ కలుపుకుని గబగబా తినేస్తుంటారు, అమ్మ రానే వస్తుంది. ఉప్పూ కారం అద్దిన మామిడి ముక్క తినని తెలుగువాళ్ళుండరు కాబట్టి ఆ పేజీలో నోరూరకుండా ఉండటం కష్టం. కానీ రెండోసారి చదివితే ఆ తొందర వెనక ఇంకోటి కనిపిస్తుంది. ఆ పిల్లలకు ఇంట్లో తినడానికేం లేదు. దుర్గ అడవుల వెంట తిరిగేది ప్రకృతి మీద ప్రేమతో అని రాయడం ఎంత తప్పో, వట్టి ఆకలితో అని రాయడమూ అంతే తప్పు. ఆ రెండూ దాని నోట్లో కలిసిపోయి ఉన్నాయి. పుల్లగా ఉన్నదల్లా దానికి బాగుంటుంది, దొరికిందల్లా దానికి పండగే.

రాసుకుందామని కూర్చున్న అసలు మాట ఇదే. పిల్లలు అడవితనాన్ని ఇష్టపడటం నేర్చుకుంటే అది చాలావరకు నోటితో, గీరుకుపోయిన మోకాళ్ళతో, తమకంటే కాస్త పెద్దదైన ఒక అల్లరి పిల్ల వెనక నడిచి నేర్చుకుంటారు. 'పథేర్ పాంచాలీ'కి ఆ సంగతి తెలుసు. పెద్దవాళ్ళు రాసే ప్రకృతి పుస్తకాల్లో ఎక్కువ వాటికి తెలీదు.

దీనికి ఎదురు నిలబడగలిగిన పుస్తకం ఒకటుంది, అందుకని దాన్ని పక్కన పెట్టి చూడాలి. రేచల్ కార్సన్ 'ది సెన్స్ ఆఫ్ వండర్'. 'సైలెంట్ స్ప్రింగ్' రాసిన కార్సనే. 1956లో ఒక మహిళా పత్రికకు రాసిన వ్యాసం ఇది, ఆమె చనిపోయిన మరుసటేడు, 1965లో, ఫొటోలతో పుస్తకంగా వచ్చింది. ఇరవై నెలల రోజర్‌ని, తన మేనకోడలి కొడుకుని, దుప్పట్లో చుట్టుకుని వాన కురుస్తున్న చీకటి రాత్రి సముద్రం ఒడ్డుకి తీసుకెళ్ళడంతో మొదలవుతుంది. అలలు హోరెత్తిపోతుంటే ఇద్దరూ నవ్వుతారు. ఆమె చెప్పేది స్థూలంగా ఇదీ: పిల్లలకు పేర్లు, వివరాలు బోధించడం ముఖ్యం కాదు, ముందు అనుభూతి చెందనివ్వాలి, అందుకు పక్కన కనీసం ఒక పెద్ద మనిషి ఉండాలి, తను కూడా ఆశ్చర్యపోగలిగిన మనిషి. పాప పుట్టిన ఏడాది చదివాను దీన్ని. లాక్‌డౌన్ కాలంలో ఏడాదికి పైగా అశ్వారావుపేటలో ఉండి పని చేసినప్పుడు, పాపను భుజం మీద వేసుకుని వానలో డాబా మీద నిలబడ్డానంటే ఈ పుస్తకం పుణ్యమే. అమ్మ కింద నుంచి పిల్లకి జలుబు చేస్తుందని అరుస్తూనే ఉండేది.

అంత ఇష్టమైన పుస్తకంలో ఇప్పుడొక లోటు కనిపిస్తోంది. రోజర్‌కి ఆకలి లేదు. మెయిన్ తీరంలో అడవి అంచున కార్సన్ ఇల్లు. ఆ అడవిలోంచి వాళ్ళకి కావలసిందేమీ లేదు, చూడటం తప్ప. కాబట్టే ఆ ఆశ్చర్యం అంత స్వచ్ఛంగా, నాచు మీది నీటి బొట్టులా ఉంటుంది. తప్పుపట్టడం లేదు. కాకపోతే ఇది ఒక రకం బాల్యానికి కుదిరే పద్ధతి మాత్రమే. దుర్గని రోజర్ పక్కన నిలబెడితే ఆ పిల్ల చేసే మొదటి పని ఒడ్డున తినదగ్గదేమైనా ఉందా అని వెతకడం.

మా వైపు అడవిని ఎరిగినవాళ్ళంతా అలా ఎరిగినవాళ్ళే. అశ్వారావుపేట, దమ్మపేట మొదలుకుని పాపికొండల దాకా కోయలు, కొండరెడ్లు. ఈ కొండరెడ్ల మీద ఫ్యూరర్ హైమెండార్ఫ్ రాసిన పుస్తకం 1945లో వచ్చింది, 'ది రెడ్డీస్ ఆఫ్ ది బైసన్ హిల్స్'. పేరులోని బైసన్ కొండలంటే పాపికొండలే. వాళ్ళ బతుకులో జీలుగు చెట్టుకున్న చోటు గురించి చదివితే, మా పక్క ఊరు జీలుగుమిల్లి పేరుని ఇన్నేళ్ళూ ఎంత ఊరికే పలికానో అనిపిస్తుంది. జీలుగు కల్లునిస్తుంది. గింజలు అయిపోయిన రోజుల్లో మాను లోపలి పిండి తిండి అవుతుంది. ఎండాకాలం మొదట్లో ఇప్పపువ్వు, తర్వాత తునికాకు, తునికి పండ్లు, మొర్రిపండ్లు. అక్కడి పిల్లకి చెట్టు పేరు తెలియడమంటే అది ఎప్పుడు, ఏమిస్తుందో తెలియడం. ఆ పిల్ల ఆనందపడదా? పడుతుంది, దుర్గ పడ్డట్టే. దాన్ని విడిగా తీసి 'ప్రకృతి ఆరాధన' అని పేరు పెట్టాల్సిన అవసరం మనకుంది, వాళ్ళకి లేదు.

మన తెలుగులో ఈ పిల్ల ఎక్కడుందని వెతికాను. కేశవరెడ్డి 'అతడు అడవిని జయించాడు' అడవి రాత్రిని తెలుగులో ఎవరూ రాయనంత దగ్గరగా రాసింది. కానీ అందులో ఉన్నది తప్పిపోయిన పంది కోసం వెతుక్కునే ముసలి కాపరి, అతని పోరాటం. విశ్వనాథ 'కిన్నెరసాని పాటలు' మా కిన్నెరసాని మీదే. గుండాల, పాల్వంచ మీదుగా గోదావరిలో కలిసే వాగు. అయితే అందులో వాగుగా మారింది ఒక కోడలు, కొండగా మారింది ఆమె భర్త. ప్రకృతికి మన పెద్దలు ఎప్పుడూ మనుషుల దుఃఖాన్నే తొడిగారు. నామిని 'పచ్చనాకు సాక్షిగా' ఒక్కటే దుర్గకి దగ్గర చుట్టంలా అనిపించింది. ఆకలీ అల్లరీ చెట్టూ పుట్టా అన్నీ ఒకే ఊపిరిలో వస్తాయందులో. అదీ చేనూ పల్లే, అడవి కాదు. ఉద్యమ సాహిత్యంలో అడవి బోలెడంత ఉంది, అక్కడి పిల్లలకి మాత్రం చెట్టెక్కి ఊరికే కూర్చునే తీరిక రచయితలు ఇవ్వలేదు. నేను చదవని మంచి పుస్తకం ఉంటే ఎవరైనా చెప్పండి, సంతోషంగా ఈ పేరా వెనక్కి తీసుకుంటాను.

ఇప్పుడు ఇబ్బందికరమైన సంగతికి రావాలి. బిభూతిభూషణ్ రాసిన మరో నవల 'ఆరణ్యక్', తెలుగులో సూరంపూడి సీతారాం అనువాదం 'వనవాసి'. ఇది తెలుగువాళ్ళు ఎక్కువగా ప్రేమించిన పుస్తకం. అడవంటే ఇష్టం ఉన్న ప్రతి ఇంట్లో ఒక కాపీ ఉంటుంది, చాలాసార్లు అప్పు తీసుకుని తిరిగివ్వనిది. (నాది కూడా అలాంటిదే.) ఉద్యోగం లేని సత్యచరణ్ కలకత్తా నుంచి బీహార్ అడవుల్లో ఒక ఎస్టేటు మేనేజరుగా వెళ్తాడు. మొదట ఆ నిశ్శబ్దం భరించలేడు, పారిపోదామనుకుంటాడు. అడవి మెల్లగా మిమ్మల్ని పట్టేసుకుంటుందని ఒక ముసలి గుమాస్తా చెప్తాడు, అలాగే జరుగుతుంది. ఒక పెద్ద మనిషి పసివాడిలా మొదటి నుంచి అడవితనాన్ని ఇష్టపడటం నేర్చుకునే కథ ఇది. కార్సన్ కోరుకున్న ఆశ్చర్యపోగల మనిషి అచ్చంగా సత్యచరణే. వెన్నెల రాత్రుల్లో గుర్రమెక్కి తిరుగుతాడు. యుగళప్రసాద్ అనే వింత మనిషి ఎక్కడెక్కడి పూల మొక్కలో తెచ్చి సరస్వతీ కుండి చుట్టూ నాటుతుంటే తనూ తోడవుతాడు.

అతని ఉద్యోగం మాత్రం ఆ అడవిని ముక్కలు చేసి కౌలుకివ్వడం. ఇస్తాడు కూడా. చివరికి సరస్వతీ కుండి కూడా మిగలదు. నవల మొదట్లోనే ఒప్పుకుంటాడు, ఇవి సంతోషపు జ్ఞాపకాలు కావని, నరికించింది తన చేతులతోనేనని. 'వనవాసి' గురించి మనవాళ్ళు రాసిన వ్యాసాల్లో వెన్నెల ఎక్కువ, కౌలు కాగితాలు తక్కువ. నేనూ పదేళ్ళ కింద ఒక మిత్రుడికి ఈ పుస్తకం పరిచయం చేస్తూ వెన్నెల గురించే గంటసేపు మాట్లాడాను. అడవిని కళ్ళారా చూసి ఆనందించగల తీరిక, దాన్ని ఎకరాల లెక్కన పంచగల అధికారం ఒకే మనిషికి ఉండటం యాదృచ్ఛికం కాదని ఆ పుస్తకం మొదటి పేజీ నుంచీ చెప్తూనే ఉంది. కడుపు నిండినవాడి ఆనందమది. దుర్గకి ఆ ఆనందం లేదు, దుర్గ వల్ల ఒక్క చెట్టూ పోలేదు.

మా తాత చింతలపూడి వైపు నుంచి వచ్చి ఇక్కడ భూమి తీసుకున్నాడు. ఎవరి దగ్గర, ఎలా, 1/70 చట్టం వచ్చిన 1970కి ముందా తర్వాతా అని అడిగితే మా ఇంట్లో మాటలు వేరే దారి పడతాయి. అప్పుడు దాన్లో ఇప్ప, మద్ది, తునికి ఉండేవట. కొట్టించి జీడిమామిడి వేశాడు. నాన్న హయాంలో అది పోయి ఆయిల్‌పామ్ వచ్చింది. గెలలు కోసిన 24 గంటల్లోపు మిల్లుకి చేరాలి, మిల్లు మా ఊళ్ళోనే ఉంది, డబ్బులు బ్యాంకులో పడతాయి. నా ఇంజనీరింగ్ ఫీజులు ఆ గెలలే కట్టాయి. నేను కార్సన్‌ని చదివి పాపని వానలోకి తీసుకెళ్ళగలిగిన తీరిక కూడా ఎక్కడో వాటి మీదే నిలబడి ఉంది. నాన్నని తప్పుపట్టే అర్హత నాకు లేదు. ఆయన అడవి గురించి ఎప్పుడూ కవిత్వం చెప్పలేదు, సత్యచరణ్ కంటే ఆ మేరకు నిజాయితీపరుడు.

'పథేర్ పాంచాలీ' గొప్పదనం నాకు ఈ మూడు పుస్తకాలనీ కలిపి చూసినప్పుడే అర్థమైంది. అది పిల్లల ఆనందాన్ని తుడిచి మెరుగుపెట్టదు. దుర్గ దొంగతనాలు చేస్తుంది, దెబ్బలు తింటుంది. అపు రాబందు గుడ్డులో పాదరసం పోసి ఎండబెట్టి నోట్లో పెట్టుకుంటే ఎగరొచ్చని తండ్రి పుస్తకాల్లో చదివి, పశువులు కాసే పిల్లాడి దగ్గర గుడ్లు కొంటాడు. వెదురు పొదల్లో తనొక్కడే యుద్ధాలు చేస్తాడు. ఇక ప్రకృతి వాళ్ళ పట్ల ప్రత్యేకంగా దయ చూపించదు. ఏ వానల్లో ఆ పిల్లలు తిరిగారో ఆ వానలే ఇల్లు కూలగొడతాయి, దుర్గ జ్వరంతో పోతుంది. దుర్గ చనిపోయాక ఇల్లు ఖాళీ చేస్తుంటే, అది ఎత్తుకొచ్చి దాచిన చిన్న బంగారు భరిణ అపుకి దొరుకుతుంది. ఎవరికీ చూపించడు. వెదురు పొదల్లోకి విసిరేస్తాడు. సినిమాలో అది గొలుసు, చెరువులో పడుతుంది, నాచు విడిపోయి మళ్ళీ కలుసుకుంటుంది. రాయ్ మార్పు కంటికి అద్భుతం. నాకు మాత్రం పొదలే నచ్చాయి. అక్క ఎక్కడెక్కడ తిరిగిందో అక్కడే దాని రహస్యాన్ని పారేశాడు వాడు.

దయ మాట వచ్చింది కాబట్టి చెప్పాలి. 2024 జూలై 18న మా మండలంలోనే గుమ్మడివల్లి దగ్గర పెద్దవాగు ప్రాజెక్టు కట్ట తెగింది. ఆ రోజు వరదలో చిక్కుకున్న కూలీలను హెలికాప్టర్‌తో తీయాల్సి వచ్చింది. నీళ్ళు దిగువన వేలేరుపాడు, కుక్కునూరు వైపు పోయాయి, పొలాల్లో ఇసుక మేట వేసింది. నేను హైదరాబాద్‌లో ఫోన్ పట్టుకుని కూర్చున్నాను. పాప వెనక నుంచి ఆ వీడియో చూసి చప్పట్లు కొట్టింది, ఎంత పెద్ద నీళ్ళో అని. గదమాయించబోయి ఆగాను. కార్సన్, రోజర్ సముద్రం ముందు నవ్విన నవ్వూ ఇదే కదా. తేడా ఏంటంటే వాళ్ళ వెనక ఇల్లు భద్రంగా ఉంది. ఆ పొలాల్లో మనుషులున్నారని తర్వాత నిదానంగా చెప్పాను. దానికి ఎంత అర్థమైందో తెలీదు.

దసరా సంగతి సగంలో వదిలేశాను. ఆ సాయంత్రం తోట దాటి వాగు గట్టు మీదికి వచ్చాక, పొలంలో పని చేసే వాళ్ళ అమ్మాయి ఎదురైంది. తొమ్మిదేళ్ళుంటాయి. కోయ పిల్ల. మా పాపని ఎగాదిగా చూసి, సీతాఫలాలు తింటావా అంది. గట్టు కింద బంజరులో ఎవరూ వెయ్యని చెట్లు పది దాకా ఉన్నాయి. పాప అందిన కాయకల్లా చెయ్యి వేస్తుంటే ఆ పిల్ల, "అది వద్దు, కన్ను విచ్చలే" అంది. కాయ మీది గళ్ళ మధ్య గీతలు తెల్లబడి విచ్చుకుంటేనే కొయ్యాలట. నాకు తెలుసు ఆ సంగతి. తెలిసి కూడా నేను చెప్పలేదు, గుర్తే రాలేదు. ఇద్దరూ ముళ్ళలోంచి దూరి వెళ్ళారు. పాప గౌను చిరిగింది. నేను గట్టు మీదే నిలబడి, పాములుంటాయి జాగ్రత్త అని రెండుసార్లు అరిచి, ఇక ఊరుకున్నాను. హరిహరుడి కోటా అయిపోయిందనిపించింది. మిగతాది దుర్గలు చూసుకుంటారు.

పాలపిట్ట వాళ్ళకే కనిపించింది. వెనక్కి వస్తూ కరెంటు తీగ మీద చూశారట. నేను తల తిప్పేలోపు ఎగిరిపోయింది.

ఇప్పుడు హైదరాబాద్‌లో రాత్రిళ్ళు పాపకి 'పథేర్ పాంచాలీ' కొంచెం కొంచెం చెప్తున్నాను. చదవడం కాదు, చదివి నా మాటల్లో చెప్పడం. మామిడి ముక్కల దగ్గర నోరూరింది. రాబందు గుడ్డు దగ్గర పడీ పడీ నవ్వింది. దుర్గకి మాత్రం ఆ సీతాఫలాల పిల్ల మొహమే పెట్టుకున్నట్టుంది, దాని పేరుతోనే అడుగుతోంది అప్పుడప్పుడు. నిన్న రైలు దగ్గరికి వచ్చాం. తప్పిపోయిన దూడని వెతుకుతూ వెళ్ళి అక్కా తమ్ముడూ రైలు పట్టాలు చూడాలని చిత్తడి నేలలకు అడ్డంపడి పరిగెత్తి, దారి తప్పి, చూడకుండానే ఇంటికొస్తారు. తర్వాత జ్వరంలో దుర్గ తమ్ముణ్ణి అడుగుతుంది, నాకు ఒకసారి రైలు చూపిస్తావా అని. అంతవరకు చెప్పి ఆపాను.

"చూపించాడా?" అంది పాప.

"సినిమాలో రైలు వచ్చింది" అన్నాను.

"పుస్తకంలో?" అంది.